పోలండ్ ప్రయోగాత్మక పొట్టి యానిమేషన్లు: కార్టూన్లనుకుని పాపను తీసుకెళ్ళాను, ఎవరైనా విడమర్చి చెప్పండి

రవళి_కొత్తపేట
మొన్న శనివారం సాయంత్రం హైదరాబాద్‌లో ఒక ఫిల్మ్ క్లబ్ వాళ్ళు పోలండ్ షార్ట్ ఫిల్మ్‌లు వేశారు. పోస్టర్ మీద 'యానిమేషన్' అని ఉంటే మా తొమ్మిదేళ్ళ పాపను వెంటబెట్టుకుని వెళ్ళాను. పెద్దలకు మాత్రమే అని ఎక్కడా రాయలేదు.

మొదటి దాంట్లో ఒక విగ్గు బల్ల మీద పాక్కుంటూ వచ్చి పాలు తాగింది. తర్వాతి సినిమా మొత్తం పైకప్పు నుంచి చూసినట్టు ఉంది, మనుషుల తలలు తప్ప ఏమీ కనబడవు. ఆ తర్వాత నాజీ క్యాంపు. అంతా బూడిద రంగు, అరుపులు, తుపాకీ మోత. పాప నా చెయ్యి గట్టిగా పట్టేసుకుంది. లేచి వచ్చేద్దాం అనుకునేలోపే చివరిది మొదలైంది. ఒకే గది, అందులోకి జనం వస్తూనే ఉన్నారు, పోతూనే ఉన్నారు. దాంట్లోనూ రెండు మూడు చోట్ల పాప కళ్ళు మూయాల్సి వచ్చింది.

అయిపోగానే అందరూ చప్పట్లు. 'వీటిలో ఏముందండీ, కాస్త చెప్తారా' అని అడిగితే, 'ఇవి ఫీల్ అవ్వాలండీ, చెప్పేవి కావు' అన్నారు. నాకు చాలా బాధేసింది. నేను సినిమాలు బాగానే చూస్తాను, అర్థం చేసుకోవాలనే అడిగాను. ఇవి నిజంగా గొప్పవా? గొప్పవైతే ఎందుకు? పైగా ఇలాంటివన్నీ పోలండ్‌లోనే ఎందుకు పుట్టాయి?

గోదారిగట్టు
ముందుగా తప్పు మీది కాదు. యానిమేషన్ అంటే పిల్లలకే అని మనందరికీ అలవాటైపోయింది. అది తెలిసిన నిర్వాహకులే పోస్టర్ మీద ఒక ముక్క రాయాలి.

చిన్నిచిన్ని_ఆశ
విగ్గు పాలు తాగడం నేనూ చూశాను. ఆ రోజు రాత్రి దువ్వెన పట్టుకోవాలంటే భయమేసింది.

పాతరీళ్ళు
మీరు చెప్పిన వరసను బట్టి ఏవేవి వేశారో తెలిసిపోతోంది. విగ్గు వచ్చేది 'దోమ్', అంటే ఇల్లు. 1958లో వలేరియన్ బొరోవ్‌చిక్, యాన్ లెనిత్సా కలిసి తీశారు. ఆ ఏడాది బ్రస్సెల్స్‌లో ప్రపంచ ప్రదర్శన జరిగినప్పుడు ప్రయోగాత్మక చిత్రాల పోటీలో పెద్ద బహుమతి దానికే వచ్చింది. పైనుంచి తీసింది దానియెల్ ష్చెఖురా 'ఫోటెల్', 1963. క్యాంపు సినిమా రిషార్ద్ చెకావా 'ఆపెల్', 1970. చివరి గది జ్బిగ్నియెవ్ రిబ్చిన్‌స్కీ 'టాంగో', 1980. 1983లో దానికి ఆస్కార్ వచ్చింది.

ఫోటెల్ అంటే వాలుకుర్చీ. ఒక పెద్ద సభ, వేదిక మీద ఒక కుర్చీ ఖాళీగా ఉంటుంది. కింద కూర్చున్న వాళ్ళలో ఒకడు దాని దగ్గరికి చేరాలని చూస్తాడు. పక్కవాళ్ళు అడ్డుపడతారు. పైనుంచి చూపించడం వల్ల ఎవరి ముఖమూ కనబడదు, ఆశ మాత్రమే కనబడుతుంది. ఆ కాలపు పోలండ్‌లో కమ్యూనిస్టు పార్టీ సభలు చూసినవాళ్ళకి దాన్ని ఎవరూ వివరించాల్సిన పని లేదు.

మీ మూడో ప్రశ్నకి నా జవాబు ఇదే. సెన్సార్ ఉండేది, నోరు తెరిచి చెప్పలేరు, అందుకే బొమ్మల్లో చెప్పారు.

నిప్పులవాన
@పాతరీళ్ళు, మీ మీద గౌరవంతోనే అంటున్నాను. పోలండ్ సినిమా అనగానే సెన్సార్, కమ్యూనిజం, రహస్య సంకేతం అని మొదలుపెట్టడం నాకు నచ్చదు. అలా చూస్తే ప్రతి సినిమా ఒక పొడుపుకథ అయిపోతుంది. విప్పేశాక ఇక పారేయడమే. విగ్గు పాలు తాగితే దానికి ఏ ప్రభుత్వ రహస్యం తగిలిస్తారు?

సెన్సార్ చాలా దేశాల్లో ఉంది. అన్ని చోట్లా ఇలాంటి సినిమాలు రాలేదు కదా.

పాతరీళ్ళు
ఆ చివరి మాట నిజమే. ఇంకో కారణం కూడా చెప్పాల్సింది. స్టూడియోలు ప్రభుత్వానివి. వూచ్‌లో సె-మా-ఫోర్, వార్సాలో 1958లో మొదలైన మినియేచర్ ఫిల్మ్ స్టూడియో, బియెల్స్కోలో ఇంకొకటి, తర్వాత క్రకోవ్‌లో. పిల్లల సీరియల్సూ అక్కడే, ఇవీ అక్కడే. ఎనిమిది నిమిషాల సినిమాకి టిక్కెట్లు తెగాలన్న టెన్షన్ దర్శకుడికి ఉండదు. జీతం వస్తుంది, కెమెరా ఉంటుంది, ఫిల్ము ఇస్తారు. ఊపిరాడనివ్వని ప్రభుత్వమే తిండి కూడా పెట్టింది. ఈ రెండూ కలిపి చూడాలి.

వూచ్‌లో_వంశీ
ఆ ఊరి పేరు ఇక్కడ సరిగ్గా రాసినందుకు సంతోషం. నేను మూడేళ్ళుగా ఇక్కడే ఉంటున్నాను. మనవాళ్ళు చాలామంది 'లోడ్జ్' అంటారు. పలకడం వూచ్. పోలిష్‌లో ఆ మాటకి పడవ అని అర్థం. ఊళ్ళో చెప్పుకోదగ్గ నది మాత్రం లేదు.

ఇది బట్టల మిల్లుల ఊరు, ఎర్ర ఇటుక గోడలు. షైబ్లర్ అనే పెద్ద మిల్లు యజమాని భవనంలో ఇప్పుడు సినిమా మ్యూజియం ఉంది. పేరున్న ఫిల్మ్ స్కూల్ 1948 నుంచీ ఇక్కడే. రిబ్చిన్‌స్కీ ఈ ఊళ్ళోనే పుట్టి ఈ స్కూల్లోనే కెమెరా నేర్చుకున్నాడు. సె-మా-ఫోర్ అంటే 'చిన్న చిత్రరూపాల స్టూడియో' అనే పోలిష్ పేరుకి పొట్టి రూపం. ఇక్కడి పెద్దవాళ్ళకి ఆ పేరు చెప్తే ముందు గుర్తొచ్చేది మడిచిన చెవి ఎలుగుబంటి సీరియల్, ఆ తర్వాతే టాంగో.

రోటో_రాజు
టాంగో గురించి నన్ను రాయనివ్వండి. హైదరాబాద్‌లో ఒక స్టూడియోలో పదకొండేళ్ళుగా రోటో, కంపోజిటింగ్ పని చేస్తున్నాను. తెలియనివాళ్ళకి: షాట్‌లో ఉన్న మనిషి అంచు వెంబడి ఫ్రేమ్ ఫ్రేమ్‌కీ గీత గీసి, వెనకున్న దాన్నుంచి విడదీయడమే రోటో. అలా విడదీసిన ఆకారాన్ని మ్యాట్ అంటాం.

టాంగోలో గది ఒక్కటే, కెమెరా కదలదు. మొదట కిటికీలోంచి బంతి పడుతుంది, ఒక కుర్రాడు కిటికీ ఎక్కి లోపలికి దిగి బంతి తీసుకుని పోతాడు. మళ్ళీ వస్తాడు, మళ్ళీ పోతాడు. ఈలోగా బిడ్డనెత్తుకున్న ఒక తల్లి వస్తుంది. తర్వాత ఒక దొంగ. అలా మొత్తం 36 మంది. ప్రతి ఒక్కరిదీ ఒక చిన్న పని, అది తిరిగి తిరిగి వస్తుంటుంది. గది కిక్కిరిసిపోతుంది గానీ ఒకరికొకరు తగలరు, ఒకరినొకరు చూడరు.

1980లో కంప్యూటర్ లేదు. ఒక్కొక్కరినీ విడిగా తీసి, ఒక్కో ఫ్రేమ్‌కీ పారదర్శకమైన షీటు మీద చేత్తో మ్యాట్ వేసి, ఒక ఫిల్ము మీది బొమ్మని ఇంకో ఫిల్ము మీదికి ఎక్కించే ఆప్టికల్ ప్రింటర్ మీద ఒకే ఫిల్ముని మళ్ళీ మళ్ళీ ఎక్స్‌పోజ్ చేశారు. రిబ్చిన్‌స్కీ స్వయంగా చెప్పిన లెక్క ఇది: సుమారు 16,000 మ్యాట్‌లు, కొన్ని లక్షల ఎక్స్‌పోజర్లు, ఏడు నెలలు, రోజుకి 16 గంటలు. ఏడు నెలలంటే 210 రోజులు వేసుకోండి, రోజుకి దాదాపు 76 మ్యాట్‌లు. నాకు అన్‌డూ బటన్ ఉంది. ఆయన చెయ్యి జారితే అప్పటిదాకా ఆ ఫిల్ము మీద పడినవాళ్ళంతా పాడైపోతారు.

ఆ సినిమా మొదటిసారి చూసినప్పుడు కంట్లో నీళ్ళొచ్చాయి. ఈ పని ఎవరూ చూడరు అని మాకొక బాధ ఉంటుంది. చేసిన పని కనబడకపోతేనే మేం బాగా చేసినట్టు. అలాంటిది ఆ పనే సినిమా అయి ఆస్కార్ దాకా వెళ్ళింది.

నిప్పులవాన
@రోటో_రాజు, మీ పని మీద నాకు గౌరవం ఉంది. కానీ రోజుకి 16 గంటలు పనిచేస్తే కళ అవుతుందా? మా వీధి చివర దర్జీ పండగ ముందు అంతే కూర్చుంటాడు. ఎంత కష్టపడ్డాడో చెప్పాల్సి వచ్చిందంటే, తెర మీద అది చాల్లేదనేగా?

రోటో_రాజు
మంచి ప్రశ్న. ఆ కష్టం తెర మీద కనబడుతుంది, అదే నా మాట. మనుషుల చుట్టూ సన్నటి నల్ల గీతలు ఉంటాయి, బొమ్మ కొంచెం వణుకుతుంది, రంగు మారుతుంటుంది. ఆ లోపాలన్నీ ఆయనే ఒప్పుకున్నాడు. లక్షల ఎక్స్‌పోజర్లలో లెక్క తప్పింది వంద లోపే అని కూడా చెప్పాడు. ఆ వణుకు వల్లే ఒక్కో మనిషీ తన గాజుపెట్టెలో తను తిరుగుతున్నట్టు ఉంటుంది. ఇప్పుడు మా సాఫ్ట్‌వేర్‌తో అంచులన్నీ శుభ్రం చేసి అదే సినిమా తీయండి. అందరూ నిజంగానే ఒకే గదిలో ఉన్నట్టు కనబడతారు. అప్పుడిక సినిమా లేదు.

నిప్పులవాన
ఇది ఒప్పుకుంటాను. గాజుపెట్టె మాట బాగుంది.

తులసికోట
నాకు టెక్నిక్ తెలీదు. టాంగో చూస్తుంటే మా అమ్మమ్మగారి నడిమిల్లు గుర్తొచ్చింది. ఒక మూల పసిపిల్లకి పాలు, ఇంకో మూల తాతయ్య నిద్ర, మధ్యలో ఎవరో ఇస్త్రీ, తలుపు దగ్గర పాలవాడు. అందరం ఒకే గదిలో ఉన్నా ఎవరి లోకం వాళ్ళదే. అమ్మమ్మ పోయాక ఆ ఇంటికి వెళ్తే ఆ గది ఎంత చిన్నదో అప్పుడు తెలిసింది.

సినిమా చివర గది ఒక్కొక్కరుగా ఖాళీ అవుతుంది కదా, అక్కడ నాకు గొంతు పట్టేసింది.

పాతరీళ్ళు
తులసిగారు చెప్పినదానికి ఒక చిన్న చేర్పు. ఆ రోజుల్లో పోలండ్ పట్టణాల్లో ఇళ్ళ కొరత చాలా ఎక్కువ. ఫ్లాట్ కోసం ఏళ్ళ తరబడి ఎదురుచూసేవాళ్ళు, రెండు మూడు తరాలు ఒకే ఇంట్లో సర్దుకునేవి. అక్కడి ప్రేక్షకుడికి ఆ గది మన నడిమిల్లంత మామూలు సంగతి. ఇది రహస్య సంకేతం కాదు @నిప్పులవాన, రోజువారీ బతుకు.

బుల్లిరాజు_భీమవరం
ఆస్కార్ కథ ఎవరూ చెప్పలేదేం? రిబ్చిన్‌స్కీ అవార్డు అందుకుని, సిగరెట్ కోసం బయటికి వెళ్ళి తిరిగొస్తుంటే కాపలావాళ్ళు లోపలికి రానివ్వలేదు. మాట తెలీక గొడవై పోలీసులు పట్టుకెళ్ళారు. తలుపులోంచి పోయి మళ్ళీ తలుపులోకి రాబోవడం, అచ్చం ఆయన సినిమాలోలాగే.

రవళి_కొత్తపేట
ఇంతమంది ఇంత ఓపికగా రాస్తారనుకోలేదు. గాజుపెట్టె, నడిమిల్లు రెండూ చదివాక మళ్ళీ చూడాలనిపిస్తోంది.

ఒక సంగతి చెప్పడం మర్చిపోయాను. ఇంటికొచ్చేటప్పుడు ఆటోలో పాప 'అమ్మా, 23 దాకా లెక్కపెట్టాను, తర్వాత నువ్వు కళ్ళు మూసేశావు' అంది. నేను అర్థం వెతుకుతుంటే అది మనుషుల్ని లెక్కపెడుతోంది. బంతి ఏమైందని కూడా అడిగింది.

కానీ ఆపెల్ విషయంలో నా కోపం తగ్గలేదు. దాన్ని చూపించి ఏం సాధిస్తారు?

పాతరీళ్ళు
తొమ్మిదేళ్ళ పిల్లకి అది చూపించకూడదు, అందులో రెండో మాటే లేదు. పెద్దవాళ్ళకి మాత్రం చూపించాలంటాను. లే, పడుకో, లే, పడుకో అని ఖైదీలకి ఆదేశాలు. మనుషులుగా కాదు, ఒక ముద్దలా లేస్తారు, పడతారు. ఒకడు మాట వినడు. కాగితం కత్తిరింపులతో తీసిన బొమ్మలే గానీ వాటిని కెమెరా చూసే తీరు మామూలు సినిమాది. కొంత భాగమే స్పష్టంగా ఉంటుంది, మిగతాది మసక. అప్పటిదాకా యానిమేషన్ అంటే చమత్కారం, కొసమెరుపు. చెకావా 'సిన్', అంటే కొడుకు, ఇదీ 1970లోనే, తీశాక అంత బరువైన సంగతులు కూడా బొమ్మలతో చెప్పొచ్చని తేలింది.

పైగా వాళ్ళ నేల మీద జరిగినదే అది. నాజీల మృత్యు శిబిరం ఔష్విత్జ్ ఉన్నది క్రకోవ్‌కి అంత దూరమేమీ కాదు.

గోదారిగట్టు
ఆపెల్ నేనూ చూశాను. మళ్ళీ చూడను, కానీ చూసినందుకు బాధ లేదు.

లెక్కలసారు
పిల్లలకీ చూపించదగ్గవి ఉన్నాయి కదా, అవి ఎవరూ చెప్పరేం? విటోల్డ్ గియెర్ష్ సినిమాలు చూపించండి. 'మావి వెస్టర్న్', అంటే బుల్లి వెస్టర్న్, 1960. కౌబాయ్‌లందరూ ఉత్త రంగు మరకలు. గీత అనేదే లేదు. 1963లో 'ఎరుపు, నలుపు' అనేది ఎద్దుతో పోరాటం, అదీ మరకలతోనే. 1967లో 'కోన్య్', గుర్రం. దాంట్లో కుంచెతో పూసిన తైలవర్ణమే పరుగెడుతుంది. ఒక్కో ఫ్రేమ్‌లో రంగు పచ్చిగా, మందంగా కనబడుతుంది. మా స్కూల్లో ఏడో తరగతికి చూపిస్తే చప్పుడు లేకుండా చూశారు, తర్వాత వాటర్ కలర్స్ బాక్సులు బయటికి తీశారు.

రిబ్చిన్‌స్కీదే 1975లో 'కొత్త పుస్తకం' ఉంది. తెర తొమ్మిది గడులు, తొమ్మిదింట్లోనూ ఒకేసారి కథ నడుస్తుంటుంది. ఒక మనిషి ఒక గడిలోంచి బయటికెళ్ళి ఇంకో గడిలో తేలతాడు. లెక్కపెట్టే పిల్లలకి అది పండగే.

నిప్పులవాన
లెక్కలసారు చెప్పిన గుర్రం సినిమాయే నేను మొదట్నుంచీ అనాలనుకున్నది. దాంట్లో సెన్సార్ లేదు, పార్టీ లేదు. రంగు గుర్రమవుతుంది, మళ్ళీ రంగవుతుంది. అర్థం వెతకడం మానేసి అది దేనితో చేశారో చూస్తే ఈ సినిమాలు వాటంతటవే తెరుచుకుంటాయి. గియెర్ష్‌కి రంగు, దుమావాకి సున్నపు పలక, అంతోనిష్‌కి ఫిల్ము ముక్క, రిబ్చిన్‌స్కీకి మ్యాట్. రవళిగారు అడిగిన 'ఎందుకు గొప్ప'కి నా జవాబు ఇదీ.

పాతరీళ్ళు
కియోవిచ్ 'క్లాట్కి' దేనితో చేశారో చూస్తే తెరుచుకుంటుందా? 1966. పంజరంలో ఖైదీ, బయట కాపలావాడు. ఖైదీ ఏం తయారుచేసుకున్నా కాపలావాడు లాగేసుకుంటాడు. చివర చూస్తే కాపలావాడూ పంజరంలోనే ఉన్నాడు. మామూలు గీతలు, మామూలు బొమ్మలు. ఆ సినిమా బలం ఆలోచనలో ఉంది. మీ సూత్రం గియెర్ష్‌కి సరిపోతుంది, అందరికీ కాదు.

నిప్పులవాన
నిజమే. క్లాట్కి నాకూ ఇష్టం. కాకపోతే దాన్ని ఒకసారి చూస్తే చాలు, గుర్రాన్ని పదిసార్లు చూశాను.

సూదిమొన
దుమావా పేరు వచ్చింది కాబట్టి ఆగలేకపోతున్నాను. పియోతర్ దుమావా శిల్పాల పరిరక్షణ చదువుకున్నాడు. సున్నపు పలక మీద ముదురు రంగు పూసి, సూదితో గీకి, తెల్లటి వెలుగు బయటికి తీస్తాడు. ఫొటో తీస్తాడు. తర్వాతి ఫ్రేమ్ కోసం ఆ చోట మళ్ళీ రంగు పూసి, కొద్దిగా పక్కకి మళ్ళీ గీకుతాడు. అంటే కొత్త బొమ్మ పుట్టాలంటే పాతది చావాలి. సినిమా అయిపోయాక చేతిలో మిగిలేది చివరి పలక ఒక్కటే.

1985లో దొస్తోయెవ్‌స్కీ కథతో 'వగోద్నా', 1991లో 'ఫ్రాంజ్ కాఫ్కా', 2000లో 'నేరము-శిక్ష' అరగంట సినిమా. ఒక్క మనిషి చీకట్లోంచి గీకి తీసిన అరగంట. వాటిలో చీకటి ముందే ఉంటుంది, వెలుగే కష్టపడి రావాలి. మనం తెల్ల కాగితం మీద నల్లగా గీస్తాం కదా, దానికి పూర్తిగా తలకిందులు. కిరోసిన్ దీపం వెలుతురులో పెరిగినవాళ్ళకి ఆ గదులు వెంటనే తెలుస్తాయి.

సూదిమొన
ఇంకో మనిషి యూలియన్ అంతోనిష్, క్రకోవ్. ఈయన కెమెరానే వదిలేశాడు. 1977లో 'సూర్యుడు, కెమెరా లేని సినిమా' దగ్గర్నుంచి నేరుగా ఫిల్ము మీదే గీకడం, రంగులు వేయడం. 35 మిల్లీమీటర్ల ఫిల్ముపై ఒక బొమ్మ అంటే బొటనవేలి గోరంత. సెకనుకి 24, నిమిషానికి 1440. పక్కనుండే సౌండ్ ట్రాక్ కూడా చేత్తో గీకాడు, ప్రొజెక్టర్ ఆ గీతల్ని చప్పుడుగా చదువుతుంది. పనిముట్లన్నీ తనే ఇంట్లో తయారుచేసుకున్నాడు. 1981 నుంచి ప్రభుత్వ న్యూస్‌రీల్ పద్ధతిలో తన సొంత 'కెమెరా లేని వార్తలు' తీశాడు. క్యూలు, కొరతలు, వీధి సంగతులు. 1987లో పోయాడు, నలభై ఆరేళ్ళు కూడా నిండలేదు.

రవళిగారూ, ఇది మీ పాప ఇంట్లో చేయొచ్చు. పాత ఎక్స్‌రే ఏదైనా ఉంటే ఇవ్వండి, మొన లేని సూది ఇవ్వండి.

వీణాపాణి
అందరూ కళ్ళ గురించే రాస్తున్నారు. ఒకసారి 'దోమ్' కళ్ళు మూసుకుని వినండి. ఆ శబ్దాలు వ్వోజిమెజ్ కొతోన్‌స్కీవి. 1957లో వార్సాలో పోలిష్ రేడియో ఒక ప్రయోగాత్మక స్టూడియో పెట్టింది. టేపు కోయడం, వెనక్కి తిప్పడం, వేగం మార్చడం. ఇదే కొతోన్‌స్కీ కంచు తాళం (సింబల్) మీద ఒక్క దెబ్బ కొట్టి, ఆ ఒక్క శబ్దాన్నే కోసి, సాగదీసి, మొత్తం కృతి కట్టాడు, 1959లో. 'క్లాట్కి'కి సంగీతం క్రిష్తోఫ్ కొమేదా, జాజ్ మనిషి. స్వరకర్త పెండెరెట్స్కీ కూడా మొదటి రోజుల్లో బొమ్మల సినిమాలకి చాలా పనిచేశాడు.

మాటలు తక్కువ, శబ్దం మీద శ్రద్ధ ఎక్కువ. అందుకే సబ్‌టైటిల్స్ లేకుండా మనం హైదరాబాద్‌లో కూర్చుని చూడగలుగుతున్నాం.

చిన్నిచిన్ని_ఆశ
ఒక్క తాళం దెబ్బతో మొత్తం పాటా! మా అన్నయ్య పెళ్ళిలో బ్యాండు వాళ్ళకి ఇది చూపించాలి, తల నొప్పులు తగ్గుతాయి.

మైత్రేయి_రాతలు
ఇప్పటిదాకా అన్నీ మగవాళ్ళ పేర్లే. జోఫియా ఒరాచెవ్‌స్కా 'బాంకియెత్' చూడండి, 1976. పెద్ద విందు, బల్ల నిండా తినుబండారాలు, అతిథులు వచ్చి కూర్చుంటారు. తర్వాత తిండే అతిథుల మీద పడుతుంది. ఇప్పటివాళ్ళలో మార్తా పాయెక్. 'అసాధ్య ఆకారాలు' అని మూడు సినిమాల వరస, మూడోది 2018లో కాన్స్ చిత్రోత్సవం పోటీలో ఉంది. రెండో దాంట్లో ఒకావిడ తన ఇంట్లోనే కాలు తట్టుకుంటుంది, అక్కడ్నుంచి ఆ ఇల్లు ఆమెకి అందకుండా పోతుంది. సన్నటి గీత, దాదాపు రంగే లేదు. రోజంతా ఇంట్లో ఒంటరిగా ఉన్న ఆడవాళ్ళకి అది అర్థం కాకపోవడమంటూ ఉండదు.

వూచ్‌లో_వంశీ
@మైత్రేయి, పాయెక్ సినిమా నేను ఇక్కడి హాల్లో చూశాను. నా పక్కన కూర్చున్న ముసలావిడ అయిపోయాక చాలాసేపు లేవలేదు.

ఇక్కడ 1989లో కమ్యూనిస్టు పాలన పోయాక ప్రభుత్వ డబ్బూ పోయి యానిమేషన్ చాలా దెబ్బతింది. 2005లో పోలిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ వచ్చాక మళ్ళీ కాస్త ఊపిరి వచ్చింది. @పాతరీళ్ళు తిండి గురించి అన్నమాట ఇక్కడ ఇంకా బాగా అర్థమవుతుంది. సెన్సార్ పోయిన రోజే సినిమాలు పెరగలేదు, తీయడానికి డబ్బు దొరికాక పెరిగాయి.

మరుగుపడ్డవి
అందరూ 1957 దగ్గర మొదలుపెడుతున్నారు. అంతకుముందే థెమెర్సన్ దంపతులున్నారు, ఫ్రాంచిష్కా, స్టెఫాన్. ఒక బల్ల మీద గాజు, దాని మీద పలచటి కాగితం, కాగితం మీద వస్తువులు. కెమెరా కింద, దీపాలు పైన. వస్తువు కదపకుండా దీపం కదిపితే నీడలు కదులుతాయి. 1930లో 'ఆప్తెకా' అలాగే తీశారు, అది ఇప్పటికీ దొరకలేదు.

1931-32లో 'యూరోపా' తీశారు, అనతోల్ స్టెర్న్ కవిత ఆధారంగా. యుద్ధంలో నాజీలు పారిస్‌లోని ల్యాబ్ నుంచి పట్టుకుపోయారు. పోయిందనే అందరూ అనుకున్నారు. భార్యాభర్తలిద్దరూ 1988లో కొద్ది నెలల తేడాతో చనిపోయారు. 2019లో బెర్లిన్‌లోని జర్మన్ ప్రభుత్వ ఆర్కైవ్స్‌లో ఆ ఫిల్ము బయటపడింది. 2021లో లండన్ చిత్రోత్సవంలో వేశారు. వాళ్ళిద్దరూ చూసుకోలేకపోయారు. ఈ ఒక్క విషయం నేను తలుచుకోకుండా ఉండలేను.

బుల్లిరాజు_భీమవరం
యూరోపా యానిమేషన్ కాదు కదా? నిజం మనుషులున్నారు.

మరుగుపడ్డవి
టాంగోలోనూ నిజం మనుషులే. ఫ్రేమ్ ఫ్రేమ్‌కీ చేత్తో మలిచారా లేదా అన్నదే నాకు లెక్క. యూరోపాలో ఫొటోలు, కత్తిరింపులు, ఫ్రేమ్ ఫ్రేమ్‌గా తీసినవీ ఉన్నాయి.

గోదారిగట్టు
లెక్కలసారు, సూదిమొన, మరుగుపడ్డవి చెప్పినవన్నీ వరసగా రాసుకున్నాను. ఈ శనివారం మా మేడ మీద వేస్తాం. పిల్లలకి ముందు గియెర్ష్, వాళ్ళు పడుకున్నాక మిగతావి.

రవళి_కొత్తపేట
వారం తర్వాత వస్తున్నాను. టాంగో నేనొక్కదాన్నే రాత్రి మళ్ళీ చూశాను, మూడుసార్లు. మొదటిసారి దొంగ వెనకాలే కళ్ళు పెట్టాను. రెండోసారి బిడ్డనెత్తుకున్న తల్లిని మాత్రమే చూశాను. మూడోసారి ఎవరినీ పట్టుకోకుండా నల్ల గీతల్ని చూశాను, రాజుగారు చెప్పిన గాజుపెట్టె కనబడింది. ఇప్పుడెవరైనా నన్ను 'ఏముంది అందులో' అని అడిగితే, 'ఒక్క మనిషిని ఎంచుకుని చివరిదాకా వాళ్ళనే చూడండి' అని చెప్తాను. ఆ రోజు నాకు ఎవరైనా ఈ ఒక్క మాట చెప్పుంటే బాగుండేది.

పాపకి గుర్రం, బుల్లి వెస్టర్న్ చూపించాను. ఇక ఎక్స్‌రే. మా మామగారి మోకాలిది పదిహేనేళ్ళ నాటిది దొరికింది. సూదితో గీకితే తెల్లగా రాదు, బూడిద రంగులో వస్తోంది. పాప దిగులుపడుతోంది. @సూదిమొన, ఏం చేయాలి?

సూదిమొన
పాత ఎక్స్‌రే ఫిల్ముకి రెండు పక్కలా పూత ఉంటుంది. ఒక పక్కే గీకితే సగం వెలుగే వస్తుంది. తిప్పి అదే గీత మీద రెండో పక్కా గీకమనండి. తడి గుడ్డతో ఐదు నిమిషాలు అద్దితే పూత మెత్తబడుతుంది. ఆ బూడిద రంగుని కూడా పారేయొద్దు. ఒక పక్క గీస్తే నీడ, రెండు పక్కలా గీస్తే వెలుగు. దుమావాకి కూడా లేని సౌకర్యం అది.

రవళి_కొత్తపేట
వచ్చింది! కిటికీ అద్దానికి ఆనించి ఫోన్‌తో ఒక్కొక్కటీ ఫొటో తీస్తున్నాం. ఎక్స్‌రేని చిన్న ముక్కలుగా కోసి పన్నెండు బొమ్మలు గీసింది. కిటికీలోంచి బంతి వచ్చి పడుతుంది, అంతే కథ. కానీ వరసగా తిప్పి చూస్తే గది మొత్తం ఎగురుతోంది, బంతి కాదు.

రోటో_రాజు
ముక్కలు ప్రతిసారీ ఒకే చోట కూర్చోవడం లేదు. ఆఫీసు ఫైళ్ళకి రెండు రంధ్రాలు వేసే పంచింగ్ మెషిన్ ఉందా? ప్రతి ముక్కకీ పై అంచున రెండు రంధ్రాలు వేయండి. ఒక అట్ట మీద అంతే దూరంలో రెండు గుండ్రటి పుల్లలు నిలబెట్టి అతికించండి. ప్రతి ముక్కనీ వాటికి తొడిగి గీయాలి, వాటికే తొడిగి ఫొటో తీయాలి. ఫోన్ కదలకుండా పుస్తకాల మధ్య పెట్టండి. మా పనిలో మొదటి రోజు నేర్పేది అదే.

రవళి_కొత్తపేట
మెషిన్ దొరికింది. పన్నెండింటికీ రంధ్రాలు వేసేసింది. ఇప్పుడు గది కదలడం లేదు. బంతి తీసుకోవడానికి ఎవరు రావాలో ఇంకా తేల్చుకోలేదట, రేపటికి ఇంకో ఎక్స్‌రే కావాలంటోంది.